బందరులో మావాళ్ల పంచాయితీ

ఇప్పుడంటే నవ్వుతున్నాను గాని, గురజాలలో మండల విలేకరిగా తిరిగిన ఆ కాలంలో, నా అంత దురదృష్టవంతుడు కృష్ణకు ఈ ఒడ్డున ఇంకొకడు లేడని నాకు గట్టి నమ్మకం. పొద్దున లేస్తే మిరపకు తెగులు, మధ్యాహ్నం కాలువ చివరి చేలకు నీళ్లందలేదని ధర్నా, సాయంత్రం కారంపూడి రోడ్డులో ఆటో బోల్తా. వీటినే తిప్పి తిప్పి రాసేవాణ్ని. (ఒకసారి తెగులు వార్తకు 'పచ్చని ఆశలపై ఎర్రని నిట్టూర్పు' అని శీర్షిక పెట్టి పంపితే, డెస్కువాళ్లు దాన్ని కొట్టేసి 'మిరపకు తెగులు' అని వేశారు. ఆ గాయం మానడానికి ఒక పంటకాలం పట్టింది.) నా కోరిక ఒక్కటే. విజయవాడ ఆఫీసులో, ఆదివారం అనుబంధం డెస్కులో, ఒక కుర్చీ. అక్కడ ఫ్యాను ఉంటుంది, తెగులు ఉండదు. సాహిత్యం కూడా అక్కడే ఉంటుందని నా అంచనా.

మూడు నెలలు ఫోన్లు చేసి చేసి విసిగిస్తే, అనుబంధం ఇన్‌చార్జి ఒకరోజు దిగొచ్చారు. "బందరులో ఒక రిటైరైన సోషల్ మేష్టారు ఉన్నారు. ఇద్దరు ముగ్గురు వస్తే చాలు, వెంటబెట్టుకుని పాత రేవుపట్నాన్ని నడిపించి చూపిస్తారట. రెండు గంటలు, ఏడు చోట్లు. వెళ్లి, చూసి, రాసి పంపు. బాగుంటే డెస్కు సంగతి మాట్లాడదాం" అన్నారు. "బాగోకపోతే అండీ?" అన్నాను. "మిరపతోటలు ఎక్కడికీ పోవు కదయ్యా" అని పెట్టేశారు.

నేను చేసిన పొరపాటు ఏమిటంటే, ఈ సంగతి ఇంట్లో చెప్పడం. మా వైపు మనిషి ఒంటరిగా ఊరు దాటడం అంటే, వాడికి నా అన్నవాళ్లు లేరని లోకానికి చాటింపు వేసినట్టు. ఆస్పత్రికైనా, కోర్టుకైనా, ఎడ్ల బేరానికైనా పక్కన ఇద్దరు ఉండాల్సిందే. "బందరు దాకా ఒక్కడివే పోతావా? ఏంది, మేం చచ్చామా?" అన్నాడు మా పెదనాన్న. ఆయన మాట ఇంకా గాలిలో ఉండగానే మా మేనమామ చెప్పులేసుకున్నాడు. వీళ్లిద్దరి గురించి ఒక ముక్క చెప్పాలి. పెదనాన్నది ఒక పార్టీ, మామది ఇంకో పార్టీ. ప్రతి పంచాయతీ ఎన్నికలోనూ ఒకరి మీద ఒకరు మనుషుల్ని నిలబెడతారు. ఎన్నిక కాగానే ఒకే కారులో మాచర్ల పెళ్లికి పోతారు. చుట్టుపక్కల నాలుగూళ్లలో గట్టు తగాదా వచ్చినా, అన్నదమ్ములు వేరుపడినా పెద్దమనుషులుగా వీళ్లనే పిలుస్తారు. ఒకరు ఒక పక్షాన కూర్చుంటే రెండోవారు రెండో పక్షాన కూర్చుంటారు. అప్పుడే తీర్పు నిలుస్తుందని నమ్మకం.

తెల్లవారకముందే బయల్దేరి, నరసరావుపేటలో ఇడ్లీలు తిని, ఎనిమిదింటికల్లా బందరు చేరాం. మేష్టారు మా కోసం వలందపాలెం మొదట్లో గొడుగు పట్టుకుని నిలబడి ఉన్నారు. సన్నగా, శుభ్రంగా, ఇస్త్రీ మడతలాగా ఉన్నారు. చేతిలో చీటీ, చీటీలో ఏడు చోట్లు, ఒక్కోదానికి ఎదురుగా నిమిషాలు. "దయచేసి ఎక్కడా ఆలస్యం చేయకూడదండి. పదింటికి ముగించాలి, పదింబావుకు మా మనవరాలి స్కూల్లో ఫంక్షను" అని ముందే చెప్పారు. వలందాల పాత వీధి, వాళ్ల సమాధులు, చర్చి, పరాసుపేట, ఇంగ్లీషుపాలెం, కలంకారీ అద్దేవాళ్ల ఇల్లు, చివరికి ఆటోలో బందరు కోట. ఆ చీటీ చూడగానే నాకు ఏడు పేరాలు కనిపించాయి. వాటి చివర ఫ్యాను తిరుగుతూ కనిపించింది.

నాలుగడుగులు వేసి, ఒక ఖాళీ జాగా ముందు ఆగి మేష్టారు మొదలుపెట్టారు. "సుమారు నాలుగు వందల ఏళ్ల కిందట, హాలండు నుంచి ఓడల్లో వచ్చిన వర్తకులు, వీళ్లనే మన జనం వలందావాళ్లన్నారు, గోల్కొండ సుల్తాను దగ్గర ఫర్మానా పొంది ఈ ప్రాంతంలో గిడ్డంగులు కట్టుకున్నారండి." నేను రాసుకుంటున్నాను. పెదనాన్న ఆ జాగాను ఈ మూల నుంచి ఆ మూల దాకా చూశాడు. చూసి, "ఎన్ని సెంట్లుంటది?" అన్నాడు.

"అది... చరిత్రలో అంత వివరంగా లేదండి" అన్నారు మేష్టారు.

"హద్దులు?"

"తూర్పున సముద్రం అనుకోవచ్చండి" అని నవ్వబోయారు పాపం. మా పెదనాన్న నవ్వలేదు. హద్దుల దగ్గర ఆయన ఎప్పుడూ నవ్వడు.

మేష్టారు తొందరగా రెండో వాక్యంలోకి దూకారు. "తర్వాత కొన్నేళ్లకు ఇంగ్లీషు కంపెనీవాళ్లు కూడా వచ్చి, వాళ్లూ సుల్తాను దగ్గర ఫర్మానా పుచ్చుకున్నారు. ఇక ఇద్దరికీ పోటీ మొదలైంది." ఆ వాక్యంతోనే మా యాత్ర ఆగిపోయిందని నాకు అప్పుడు తెలియదు. పెదనాన్న చెయ్యి పైకెత్తాడు. "ఆగండి మేష్టారూ. ఒకడికి రాసిచ్చి, మళ్లీ ఇంకొకడికి రాసిచ్చాడా? అంటే డబుల్ రిజిస్ట్రేషనేగా?"

"ఒకే జాగా కాదండి, ఎవరి గిడ్డంగి వాళ్లదే..."

"అట్నే అంటారు. మా క్రోసూరు పక్కన ఒకాయన అట్నే అన్నాడు, పదేళ్లు కోర్టు చుట్టూ తిరిగాడు. ముందొచ్చినోళ్లు వలందాలు. న్యాయం వాళ్లదే."

"అట్టెట్టా చెప్తావు బావా?" అన్నాడు మామ. మామకు అప్పటి దాకా ఇంగ్లీషువాళ్ల మీద ప్రత్యేకమైన ప్రేమేమీ లేదు. కాని పెదనాన్న ఒక పక్షం పట్టాక, రెండో పక్షం ఖాళీగా వదిలేయడం ఆయన పద్ధతి కాదు. "మేష్టారు ఒక పక్క మాటే చెప్పారు. ఇంగ్లీషోళ్ల తరఫున మాట్లాడే మనిషేడీ? ఒక చెవితో విని తీర్పు చెప్పే అలవాటు మన ఇంటా వంటా లేదే!"

"అయితే నువ్వు మాట్లాడు."

"మాట్లాడతా. కూర్చుందాం."

పంచాయితీ నిలబడి చేయరు. ఎదురుగా ఒక టీ కొట్టు ఉంది. ఆ కొట్టాయన అడక్కుండానే రెండు బల్లలు ఎదురెదురుగా వేసి, మధ్యలో మేష్టారికి ప్లాస్టిక్ కుర్చీ వేశాడు. (పంచాయితీ అన్నది ఏ ఊళ్లోనైనా వాసన బట్టి పసిగట్టగలిగేవాళ్లు కొందరుంటారు.) నేను పెదనాన్న చెవిలో "ఇంకా ఆరు చోట్లున్నాయి, నా ఉద్యోగం సంగతి" అని గొణిగాను. "ఒరేయ్, కూర్చున్న పంచాయితీ తేలకుండా మధ్యలో లేస్తే ఊరికి అరిష్టంరా" అన్నాడాయన. "మన ఊరు కాదు కదా పెదనాన్నా!" అంటే, "ఎవరి ఊరైతే ఏంది, అరిష్టం అరిష్టమే" అన్నాడు.

ఇక అక్కడ జరిగింది చరిత్ర పుస్తకాల్లో దొరకదు. మామ ఇంగ్లీషువాళ్ల తరఫున లేచి, కాగితం ముందెవరిదన్నది కాదు, అనుభవంలో ఎవరున్నారన్నది చూడాలన్నాడు. పెదనాన్న, పక్కవాడి చేలోకి జరిగి జరిగి దున్నుకున్నవాడికి అనుభవం లెక్కలోకి రాదన్నాడు. టీ తాగడానికి వచ్చిన ఇద్దరు వలందాల వైపు చేరారు. సైకిలాపి నిలబడ్డ పాలాయన, ఏమీ తెలియకుండానే, "ఇంగ్లీషోళ్లు మాత్రం ఊరికే వదిలే రకం కాదండీ" అని మామను బలపరిచాడు. కూరగాయల సంచితో పోతున్న ఒకావిడ అయిదు నిమిషాలు విని, సంచి కింద పెట్టింది. "అయితే ఏవండీ, మరి మా పరాసుపేట మాటేవిటి? పరాసులు మనుషులు కాదా? మా పేట పేరే వాళ్లది!" అంది.

పెదనాన్న మేష్టారి వైపు తిరిగాడు. "ఈమె ఎవరి తరఫు?"

"పరాసులంటే ఫ్రెంచివాళ్లండి" అన్నారు మేష్టారు. "కొన్నాళ్లు బందరు వాళ్ల చేతిలోనే ఉంది. తర్వాత ఇంగ్లీషువాళ్లు లాక్కున్నారు."

"చూశావా!" అని పెదనాన్న తొడ చరిచాడు. "నీ పార్టీ సంగతి చూశావా బామ్మర్దీ? వలందాలతో తగాదా, పరాసులతో తగాదా. తగాదాకోరు ఎవరో తేలిపోలా?"

మామ భుజం మీది తువ్వాలు తీసి, దులిపి, మళ్లీ వేసుకున్నాడు. ఆయన ముఖం చూసి నాకే జాలేసింది. అప్పుడు జరిగింది నేనెన్నడూ ఊహించనిది. మేష్టారు చీటీని మడిచి జేబులో పెట్టుకుని, కుర్చీ ముందుకు లాక్కుని, "వలందావాళ్లేం తక్కువ తిన్నారా అండీ?" అన్నారు. ముప్ఫై ఏళ్లు పాఠం చెప్పినా ఒక్క పిల్లవాడూ ఇంత శ్రద్ధగా ఎదురు ప్రశ్న వేయలేదట. బట్టల వ్యాపారం, సుంకాలు, దళారులు, ఎవరు ఎవరిని మోసం చేశారు, అన్నీ పూసగుచ్చినట్టు చెప్పారు. ఒకసారి వలందాలను తిట్టారు, ఒకసారి ఇంగ్లీషువాళ్లను తిట్టారు, పరాసుపేట ఆవిడ ముఖం చూసి పరాసులను మాత్రం కొంచెం వదిలిపెట్టారు. రెండుసార్లు టీలు వచ్చాయి. నేను గడియారం చూసుకునేసరికి తొమ్మిదీ యాభై.

పెదనాన్న, మామ పక్కకు పోయి అయిదు నిమిషాలు గుసగుసలాడుకుని వచ్చారు. తీర్పు పెదనాన్న చెప్పాడు. "అసలు తప్పు ఇద్దరికి రాసిచ్చిన సుల్తానుది. ఆయన్ను పిలిపించే దారి లేదు. కాబట్టి సర్వే అయ్యేదాకా ఎవరున్న చోట వాళ్లు ఉండాలి. ఒకరి హద్దులోకి ఒకరు రాకూడదు."

మేష్టారు గొంతు తగ్గించి, "వలందావాళ్లు ఉన్నచోటే ఉన్నారండి, వెనక వీధి సమాధుల్లో" అన్నారు.

"ఇంగ్లీషోళ్లు?"

"వెళ్లిపోయారు కదండీ."

"అయితే తీర్పు మనం చెప్పకముందే అమలైంది" అన్నాడు మామ, చాలా తృప్తిగా. అందరూ లేచారు. మేష్టారు ఇద్దరి చేతులూ పట్టుకుని ఊపి, గొడుగు టీ కొట్టులోనే మరిచిపోయి, మనవరాలి స్కూలుకు పరుగెత్తారు. మిగిలిన ఆరు చోట్లూ ఉన్నచోటే ఉండిపోయాయి. మనమే చూద్దామంటే, "మేష్టారు లేకుండా చూస్తే ఏం తెలుస్తది అల్లుడా, ఇంకోసారొద్దాం" అని మామ కారెక్కాడు. మరుసటి రోజు సాయంత్రానికి నేను వ్యాసం పంపాలి!

పంపాను. అదే నా జీవితంలో అతి పెద్ద తెగింపు. మేష్టారికి ఫోను చేసి ఆరు చోట్ల వివరాలు అడిగి, ఆయన చెప్పినవాటికి నా ఉప్పూ కారం కలిపాను. చూడని చర్చిలో ప్రార్థన విన్నాను. చూడని సమాధుల మీద చేయి వేసి కళ్లు తుడుచుకున్నాను. తొక్కని కోట మెట్ల మీద కూర్చుని 'కాలమా, నీ ఓడలెక్కడ?' అని అడిగాను. పంచాయితీ గురించి ఒక్క ముక్క రాయలేదు. అది మరీ మన ఊరి వ్యవహారంలా ఉంది, సాహిత్యానికి పనికిరాదనిపించింది. పది రోజులు ఉలుకూ పలుకూ లేదు. ఆదివారాలు రెండు గడిచాయి, అనుబంధంలో నా పేరు లేదు. ఇంట్లో నా ముఖం చూసి పెదనాన్న భోజనం దగ్గర మాట్లాడటం మానేశాడు. పన్నెండో రోజు ఇన్‌చార్జి ఫోన్. "సోమవారం వచ్చి డెస్కులో చేరు" అన్నారు, అంతే. వ్యాసం మాత్రం ఎప్పటికీ రాలేదు. అంత గాఢమైన రచన పేజీలో పట్టి ఉండదనుకుని నేనే వాళ్లను క్షమించాను.

ఇదంతా జరిగి పదిహేనేళ్లయింది. అన్నాళ్లూ, కొత్తగా చేరే కుర్రవాళ్లందరికీ ఆ వ్యాసం గురించి చెప్పేవాణ్ని. ఒక్క రచనతో కుర్చీ సంపాదించినవాణ్నని కాస్త గొంతు బరువు చేసుకుని మరీ చెప్పేవాణ్ని. మొన్న ఇన్‌చార్జి రిటైరైన రోజు, విందులో, ఆయన నా పక్కన కూర్చుని మెల్లిగా అసలు విషయం బయటపెట్టారు.

పన్నెండో రోజు పొద్దున్నే ఇద్దరు పెద్దమనుషులు ఎండుమిరపకాయల సంచితో ఆయన గదిలోకి వచ్చారట. సంచి మూలన పెట్టి, కుర్చీలు ఎదురెదురుగా జరిపి, "మీ పక్షం మీరు చెప్పండి, మావాడి పక్షం మేం చెప్తాం" అన్నారట. "అయ్యా, పేజీ ప్రెస్సుకు వదలాలి" అని ఈయన బతిమాలితే, "పేజీ ఎక్కడికి పోద్ది సార్, తేలకుండా లేవకూడదు" అన్నారట. పైగా నా తరఫున మాట్లాడుతూ, ఎంతో న్యాయబుద్ధితో, "వాడి తప్పేం లేదు సార్, ఆరు చోట్లు చూడలేకపోయాడంటే కారణం మేమే" అని తప్పంతా తమ మీద వేసుకున్నారట.

చేతిలో ముద్ద విస్తట్లోనే వదిలేశాను. "అంటే... నేను చూడలేదని మీకు అప్పుడే తెలుసా? మరి ఉద్యోగం ఎందుకిచ్చారండీ?"

"చూడని ఆరు చోట్ల మీద అంత రాసినవాణ్ని బయట తిరగనిస్తే ప్రమాదం కదయ్యా" అన్నారాయన, గారె తుంచుకుంటూ. "డెస్కులో కట్టేస్తే కనీసం కళ్లెదుట ఉంటావని. పైగా వాళ్లు రెండో టీ అడిగారు."

ఇంటికొచ్చి బీరువా అడుగు నుంచి ఆ వ్యాసం కాపీ తీసి చదివాను. పదిహేనేళ్లుగా ఇలాంటివాటినే ఇతరుల రాతల్లో ఎర్రగీత పెట్టి కొట్టేస్తున్నవాణ్ని. ఒక్కో పేరా చదువుతుంటే చెవులు వేడెక్కాయి. ఆ కుర్రవాణ్ని పిలిచి నాలుగు చివాట్లు పెట్టాలనిపించింది, భుజం మీద చెయ్యి వేయాలని కూడా అనిపించింది. చించేద్దామని పట్టుకుని, మళ్లీ ఒకసారి చదివి, మడిచి బీరువాలోనే పెట్టాను. ఎంత సిగ్గుగా ఉన్నా, న్యాయం న్యాయమే కదా. బందరు కోట గురించిన ఆ పేరా మాత్రం, చూడకుండా రాసినదైనా, బాగానే ఉంది.