చెరిపేసిన పెన్సిల్ గీతలు

ఆయన పోయారని పోయిన మంగళవారం పొద్దున మా లైబ్రరీకి ఫోన్ వచ్చింది. చేసింది ఆయన కూతురు. "నాన్న నిద్రలోనే వెళ్లిపోయారు. మీకు తప్పకుండా చెప్పమని ఎప్పుడో అన్నారు" అంది. ఫోన్ పెట్టేసి, పుస్తకాలకు తేదీ ముద్రలు వేస్తూ కూర్చున్నాను. అన్నిటికీ తప్పు తేదీ వేశానని సాయంత్రం గాని చూసుకోలేదు.

ఇక్కడి పత్రికలో ఆయన గురించి నాలుగు వాక్యాలు వచ్చాయి. డెన్మార్క్‌కు చెందిన రంగస్థల, సినీ హాస్యనటుడు. పంతొమ్మిది వందల డెబ్బైల చివర్లో అమెరికా వచ్చారు. భార్య లేరు, ఒక కూతురు. అందులో తప్పేమీ లేదు. కానీ మా ఊరు పిస్కాటవేలో రెండేళ్ల క్రితం ఆయన వేసిన ఆఖరి నాటకం ఊసు లేదు. ఆ నాటకానికి నేను, నటులు మరిచిపోయిన మాట చాటుగా అందించే ప్రాంప్టర్‌ని. మీలో ఎవరూ ఆయన్ను చూసి ఉండరు కనుక నాకు తెలిసినంత రాస్తున్నాను.

అప్పటికి నేను అక్కా బావల దగ్గరికి వచ్చి ఏడాది. లైబ్రరీ పని నాకు నచ్చడానికి కారణం అక్కడ ఎవరూ గట్టిగా మాట్లాడమని అడగకపోవడం. ఒకరోజు ఒక ముసలావిడకు అల్లిక పుస్తకాలు ఎక్కడున్నాయో చెబుతుంటే, బీరువాల వెనక నుంచి పొడుగాటి పెద్దాయన ఒకరు వచ్చి నిలబడ్డారు. కోటు కాలరు మడత కింద, నాటకం వేషాలకు వాడే పిన్నీసులు వరసగా గుచ్చుకుని ఉన్నారు.

"మిస్, మీ గుసగుస నాలుగు బీరువాల అవతలికి వినబడింది. చదువుకుంటున్నవాళ్లలో ఒక్కరూ తల ఎత్తలేదు. ఎక్కడ నేర్చుకున్నారిది?"

"కాన్వెంట్‌లో సర్. ప్రార్థన చెప్పేటప్పుడు."

మా సిస్టర్ ప్రార్థన సన్నగా చెప్పించేది. ఒక్క అక్షరం మింగితే మళ్లీ మొదటి నుంచి చెప్పాలి. ఆ సంగతి చెప్పాను.

"దేవుడికి వినబడేది నాకూ వినబడుతుంది. నా నాటకానికి మాట అందించడానికి వస్తారా?" అన్నారు.

ఇక్కడి చిన్న నాటక సంఘాల్లో ప్రదర్శనప్పుడు ప్రాంప్టర్ ఉండరు. ఆయన పెరిగిన థియేటర్లో వేదిక ముందు భాగాన ఒక చిన్న గూడు ఉండేదట. ఆట సాగినంతసేపూ అందులో ఒక మనిషి పుస్తకం పట్టుకుని కూర్చునేవారట. నేను మా గుంటూరు పరిషత్ నాటకాల గురించి చెప్పాను. ప్రాంప్టర్ గొంతు మూడో వరసదాకా వచ్చేది, నటుడి గొంతు రెండో వరస దాటేది కాదు అన్నాను. ఆయన బల్ల పట్టుకుని నవ్వారు. నా మాటకు అమెరికాలో ఒక మనిషి నవ్వడం అదే మొదటిసారి.

రిహార్సల్స్ ఒక చర్చి హాల్లో. టీ తాగే వేళల్లో తన సంగతులు ముక్కలు ముక్కలుగా చెప్పేవారు. పదహారేళ్లప్పుడు పళ్లెం పట్టుకుని వేదిక మీద నిలబడే నౌకరు వేషం. తర్వాత సముద్రం ఒడ్డున వేసవి హాస్య ప్రదర్శనలు. ఆ తర్వాత సినిమాలు. సినిమాల్లో పోస్ట్‌మన్‌గా ఎన్నిసార్లు వేశారంటే, ట్రామ్‌లో జనం "మా ఉత్తరం ఏదీ?" అని అడిగేవారట. "ఇక్కడికొచ్చాక రష్యన్ గూఢచారి, జర్మన్ డాక్టర్, స్వీడన్ వంటవాడు. అమెరికాలో అన్ని దేశాలవాడిగా వేశాను మిస్, నా దేశంవాడిగా తప్ప."

రిహార్సల్లో ఎవరైనా నవ్వితే ఊరుకునేవారు కాదు. "దాచుకోండి, శనివారం ఆటకు పనికొస్తుంది" అనేవారు.

నాకు పని నేర్పింది ఆయనే. నటుడు ఆగడం రెండు రకాలు అన్నారు. ఒకటి కావాలని ఆగడం. హాస్యం అంతా అందులోనే ఉంది, అప్పుడు ప్రాంప్టర్ నోరు తెరిస్తే నవ్వు చచ్చిపోతుంది. రెండోది మరిచిపోయి ఆగడం. "కావాలని ఆగినప్పుడు నా భుజాలు కిందికి ఉంటాయి. మరిచిపోతే ఊపిరి పట్టుకుంటాను, భుజాలు లేస్తాయి. చూస్తూ ఉండండి." మాట అందించిన ప్రతిచోటా నాటకం పుస్తకంలో పేజీ అంచున పెన్సిల్‌తో ఒక గీత గీయాలి. మరిచిపోయిన చోటే మనిషి మళ్లీ మరిచిపోతాడు. గీత ఉన్న చోటు దగ్గర పడుతుంటే ప్రాంప్టర్ ముందే సిద్ధంగా ఉంటాడు.

మొదట్లో పేజీకి ఒక గీత పడేది. ప్రదర్శన దగ్గరపడే కొద్దీ తగ్గాల్సింది పోయి పెరిగాయి. ఒకరోజు ఆయనే పుస్తకం తెరిచి, పేజీలు తిప్పి, మూసి నా చేతికిచ్చారు.

"మా థియేటర్లో ఒక గొప్ప నటుడు ఉండేవాడు. ముసలితనంలో మాటలు మరిచిపోయాడు. జనం నవ్వారు. జాలిపడి నవ్వే నవ్వు వేరే ఉంటుంది మిస్, పక్కగదిలో జబ్బు మనిషి ఉన్నప్పుడు నవ్వినట్టు. జీవితమంతా నవ్వులు విన్నాను. ఆఖరిది అది కాకూడదు. డైరెక్టర్‌కి చెప్పకండి."

చెప్పనన్నాను.

నాటకం కథ చిన్నది. రిటైరైన ఓడ కెప్టెన్, అదే ఆయన వేషం, ఇంట్లోవాళ్లను ఓడ సిబ్బందిలా ఆజ్ఞాపిస్తూ ఉంటాడు, చివరికి వాళ్లు తిరగబడతారు. రెండు వారాంతాలు, నాలుగు మధ్యాహ్నపు ఆటలు. మొదటి రెండు ఆటల్లో నేను మాట అందిస్తూనే ఉన్నాను. జనానికి తెలియలేదు. డైరెక్టర్‌కు అనుమానం వచ్చింది. ఆవిడ హైస్కూల్లో ఇంగ్లీషు టీచరు. పెదవి కదలకుండా చెప్పే సమాధానాలు పట్టుకోవడం ఆవిడకు అలవాటు. శనివారం ఆటకు ముందు పుస్తకం చూపించమని శుక్రవారం ఫోన్ చేసింది. గీతలు ఎక్కువుంటే ఆయన్ను ఆపి, ఆ పాత్రను కొడుకు వేషం వేసే అతనికిచ్చి పుస్తకం చూసి చదివించేస్తానంది.

ఆ సాయంత్రం మా డైనింగ్ టేబుల్ దగ్గర రబ్బరుతో గీతలు చెరుపుతూ కూర్చున్నాను.

"ఏంటే, అంతసేపు ఏం చెరుపుతున్నావ్?" అంది అక్క. చెప్పాను.

"రేపు ఆవిడ డైరెక్ట్‌గా అడిగితే ఏం చెప్తావ్?"

"ఏం చెప్పను. పుస్తకం ఇస్తా."

"నోరు తెరవకుండా అబద్ధం ఆడటం కాన్వెంట్‌లో నేర్పారా, ఇక్కడికొచ్చాక పికప్ చేశావా?"

"ఆయన్ని ఆపేస్తారక్కా."

"ఆపనీవే. డెబ్బై దాటినాయన, రెస్ట్ తీసుకుంటాడు. రేపు స్టేజ్ మీద స్టక్ అయితే ఎవర్ని బ్లేమ్ చేస్తారో చూసుకో."

నేను రబ్బరు పొడి చేత్తో తుడిచి, ఇంకో పేజీ తిప్పాను.

శనివారం డైరెక్టర్ పుస్తకం చివరిదాకా తిప్పింది. "గీతలేమీ లేవే. అయితే అనుమానం నాదే. సారీ, హనీ" అంది. ఆ మాటకు నాకు తల ఎత్తబుద్ధి కాలేదు.

ఆట మొదలైంది. నేను పక్కన తెర చాటున స్టూలు మీద ఉన్నాను. ఉత్తరం చదివే ఘట్టంలో ఆయన నాకు వీపు పెట్టి ఆగారు. మందపాటి కెప్టెన్ కోటులో భుజాలు లేచాయో లేదో తెలియలేదు. పేజీ వైపు చూశాను. అంచు శుభ్రంగా ఉంది. ఇక్కడ ఇంతకుముందు మరిచిపోయారా, ఎప్పుడూ కావాలనే ఆగేవారా? గీత ఉంటే ఆ ప్రశ్నే ఉండేది కాదు. నవ్వు చంపకూడదని ఊరుకున్నాను. నిశ్శబ్దం పెరిగింది. ఆయన ఉత్తరం తిరగేసి, ఖాళీగా ఉన్న వెనక పక్క చూశారు. అప్పుడు మాట అందించాను. ఆలస్యమైపోయింది. హాల్లో ముందు వరసలో ఎవరో మెల్లగా నవ్వారు, దగ్గులాగా. ఇంకొందరు కలిశారు. ఆయన చెప్పిన నవ్వు అదేనని నాకు వెంటనే తెలిసింది.

ఆట అయ్యాక ఆయన పుస్తకం అడిగారు. పేజీని కిటికీకెదురుగా పట్టుకుని, రబ్బరు రాసి పలచబడిన చోట వేలు పెట్టారు.

"ఎవరి కోసం చెరిపారు?"

"మీ కోసం సర్."

"నా కోసమైతే ఉంచాలి మిస్. ఆ గీతలు నా చేతికర్ర. పగుళ్లు కనిపిస్తాయని విరిచేశారు." గొంతు పెంచలేదు. పెన్సిల్ ఇచ్చి నా ఎదురుగా కూర్చున్నారు. "రాసుకోండి. మొదటి అంకం, చెల్లెలు టీ తెచ్చే చోట. గీయండి. ఉత్తరం చోట. అక్కడ రెండు."

మాటలు మరిచిపోయే మనిషికి మరిచిపోయిన చోట్లన్నీ గుర్తున్నాయి. చివరి పేజీదాకా అయ్యాక ఆ పుస్తకం తనే తీసుకెళ్లి డైరెక్టర్ చేతిలో పెట్టారు. నేను వెనక నిలబడ్డాను.

ఆవిడ చాలాసేపు చూసింది. కోపమంతా నా మీదే. నాకది న్యాయంగానే తోచింది. చివరికి ఆయనతో అంది: "రేపు ఆఖరి ఆట. మీరు వేయండి. ఈ అమ్మాయిని చీకట్లో కాదు, స్టేజ్ మీద మీకెదురుగా కూర్చోబెడతాను. ఇవాళలా ఆగిపోతే మాత్రం నడిమధ్యలో అయినా తెర దించేస్తాను."

"నేనా, స్టేజ్ మీదా?" అన్నాను.

"కెప్టెన్ మేనకోడలివి. కిటికీ పక్కన పుస్తకం చదువుకుంటూ కూర్చుంటావ్. నీకు యాక్టింగ్ అక్కర్లేదు, రోజూ చేసేదే."

ఆ రోజంతటిలో ఆయన నవ్వింది అప్పుడే.

ఆదివారం హాలు నిండింది. అక్క పట్టుచీర కట్టుకుని రెండో వరసలో కూర్చుంది. లైట్లు నా మీద పడ్డప్పుడు పుస్తకంలో అక్షరాలు కాసేపు కనబడలేదు. డైరెక్టర్ తెర తాడు పట్టుకుని పక్కన నిలబడి ఉండడం మాత్రం కనబడుతూనే ఉంది.

ఉత్తరం ఘట్టంలో ఆయన భుజాలు లేచాయి. నేను పెదవి విప్పేలోగా నా దగ్గరికి నడిచి వచ్చారు. "ఏం చదువుతున్నావమ్మాయీ?" అన్నారు. అది నాటకంలో లేదు. నేను ఆయన వాక్యాన్నే పైకి చదివాను.

"విచిత్రం. నేనూ సరిగ్గా అదే అనబోతున్నాను" అన్నారు. హాలంతా నవ్వింది. తాడు మీద ఆవిడ చేయి సడలింది.

అలా మూడుసార్లు గట్టెక్కాం. చివరి ఘట్టానికొచ్చాం. అక్కడ కెప్టెన్‌కు మాటలు లేవు. ఇంట్లోవాళ్లను ఒకసారి చూసి, టోపీ తీసుకుని, తలుపు తెరుచుకుని వెళ్లిపోవాలి. ఆయన చూశారు. టోపీ తీసుకున్నారు. వెనక్కి తిరిగి నిలబడిపోయారు. కిటికీ వైపు, పొయ్యి వైపు, ఆ ఇంట్లోకి మొదటిసారి వచ్చినవాడిలా చూశారు. పుస్తకంలో 'వెళ్తాడు' అని మాత్రమే ఉంది. అందించడానికి నా దగ్గర మాట లేదు. ముందు వరసలో ఎవరో గొంతు సవరించుకున్నారు. డైరెక్టర్ తాడును రెండు చేతులతో పట్టుకుంది.

నేను లేచాను. పుస్తకం కుర్చీలో పెట్టేశాను. అంతమంది ముందు నడవడం ఎలాగో ఆలోచించకుండా వేదిక అడ్డంగా నడిచి, తలుపు తెరిచి పట్టుకున్నాను. ఆయన నావైపు చూశారు. ఓడ దిగే పెద్దమనిషిలా నడుము వంచి నమస్కరించి, తల ఎత్తుకుని బయటికి నడిచారు. వెనక హాలు ఒక్కసారిగా నవ్వింది, ఆ నవ్వు చప్పట్లలోకి మారింది.

తలుపు వెంటనే మూయాలి. నేను మూయలేదు. రంగు వేసిన అట్ట గోడకు అవతల, తాళ్లకూ బకెట్లకూ మధ్య ఆయన నిలబడి ఉన్నారు. టోపీ గుండెకు ఆనించుకుని, కళ్లు మూసుకుని, ఒక చెవి హాలు వైపు తిప్పి వింటున్నారు.