గడపకు తగ్గబోయిన ముప్పావు అంగుళం

తిరుపతిలో పుట్టినవాణ్ణి, కొండకేసి తిరిగి చెబుతున్నాను: ఇందులో ప్రతి అక్షరం నిజం. నన్నెరిగినవాళ్ళు నవ్వితే నవ్వనీండి.

పలమనేరులో మా అక్క ఇల్లు కట్టుకుంటోంది. ఆ ఉదయం గడప నిలపాలి. ముహూర్తం దాటితే ఆషాఢం. మళ్ళీ పని ముట్టరు. గడపకని అక్క తన పెరటి వేపమానునే కొట్టించింది. రెండో ముక్క లేదు. వాకిలి గడపకు అతుకు వేయడం మా వైపు ఎవరూ ఒప్పుకోరు.

తీరా పొద్దున చూస్తే, ముందురోజు మేస్త్రీ గోడలకు పూత దట్టంగా వేయడంతో గడప దిగాల్సిన వాకిలి సందు ఇరుకైపోయింది. గడప కొలత యాభై అంగుళాల పావు. సందు నలభై ఏడు అంగుళాల అయిదు నూళ్ళు. అంగుళంలో ఎనిమిదో వంతును మా వడ్రంగులు నూలు అంటారు. అవతలి కొసకు అప్పటికే పసుపు పూసి పూజ చేసేశారు. అటు టేపు పెట్టనివ్వలేదు. ఎంత కోయాలో లెక్క కట్టి ఇవతల నుంచే గీత గీయాలి.

పెన్సిలు బావ చేతిలో ఉంది. "పావంటే రెండు నూళ్ళు. యాభైలో నలభై ఏడు పోతే మూడు. అయిదు నూళ్ళలో రెండు పోతే మూడు. మూడంగుళాల మూడు నూళ్ళు. కొయ్ ఆచారీ!"

"ఇంకోసారి సూసుకో సామీ, కోసినాక అతికేది లేదు," అన్నాడు రంపం పట్టిన వడ్రంగి ఆచారి.

"ముహూర్తం పోతాంటే సూసేదేందబ్బా? కొయ్!"

పురోహితుడు గడియారం చూశాడు. రంపం పళ్ళు మానులో దిగాయి. సన్నటి పొట్టు రాలింది. నేను ఇసుక కుప్ప మీంచి ఎగిరి దూకి, రంపాన్ని ఒట్టిచేత్తో పట్టేశాను.

"ఆపండి!" అని అక్క కేక. "ఏమయ్యా, కోసే ముక్కను సందుకు కలిపి సూడు. నలభై ఏడూ మూడూ యాభై. అయిదు నూళ్ళూ మూడు నూళ్ళూ ఎనిమిది, అంటే ఇంకో అంగుళం. యాభై ఒకటి! నా మాను యాభై పావే గదా. ముప్పావు అంగుళం యాడ మొలిసింది?"

బావ ముఖం పాలిపోయింది. "మరి రెండు నూళ్ళలోంచి అయిదు యాడ పోతాయే?"

"పోవు గదా! అందుకని తిరగేసి తీస్తావా? యాభైలో ఒక అంగుళం ఇడిపించు. అది ఎనిమిది నూళ్ళు, ఈ రెండూ కలిస్తే పది. అయిదు పోతే అయిదు. మిగిలిన నలభై తొమ్మిదిలో నలభై ఏడు పోతే రెండు. రెండంగుళాల అయిదు నూళ్ళు!"

"పొద్దు పోతాంది తల్లీ," అన్నాడు పురోహితుడు.

ఆచారి కొత్త గీత గీశాడు. తెగిన ముక్క నేల మీద పడింది. నలుగురం గడప ఎత్తి సందులోకి దించాం. అది జారి, రెండు గోడల మధ్యా బిగుసుకుంది. మొదట రంపం దిగిన గాటు, దాని మీద నిలిపిన ద్వారబంధపు నిలువు చెక్క కింద దాగిపోయింది.

ఇక ఇందులో నేను కల్పించింది ఒక్కటే. రంపాన్ని పట్టింది నేను కాదు. ఎవరూ కూర్చోకూడని గడప మీద, పట్టుచీరతో, పురోహితుడు వద్దు వద్దంటున్నా, అక్కే ఎక్కి కూర్చుంది. అప్పుడు నేను అవతలి కొస పట్టుకుని, బావ లెక్కకు తల ఊపుతున్నాను.