చివరి గదికి సోషల్ పాఠం

మా దేవేంద్రప్ప సారుకు ఒకటే పిచ్చి. మూసిన తలుపుకు పాఠం చెబుతాడు.

బేతంచెర్ల దగ్గర మా ఉన్నత పాఠశాలలో నేను తెలుగు, ఆయన సోషల్. భోజనాల గంట మోగగానే కుర్చీ ఎత్తుకుపోయి వరండా చివరి గది ముందు వేసుకుంటాడు. తలుపుకు ముఖం పెట్టి, లోగొంతుతో అక్బరు నుంచి మొదలుపెడతాడు. ఆ వేళకు నాపరాళ్ల గనుల దుమ్ము బడినంతా కప్పేస్తుంది. ఆ తెలుపులో చెట్లకు నీడలు కూడా మిగలవు. ఆయన గొంతొక్కటే పాకుతూ ఉంటుంది.

చేరిన కొత్తలో ఒకసారి అడిగాను. "ఎవరికి సార్ పాఠం?"

"మెల్లగా మాట్లాడప్పా. లోపల వింటాండారు."

"ఎవరు?"

"శానామంది."

అంతలో తలుపు వెనక ఎవరో దీర్ఘంగా నిట్టూర్చారు. నేను స్టాఫ్ రూములో పడేదాకా వెనక్కి తిరగలేదు.

బంతి అటువైపు పోతే పిల్లలు దాన్ని అటే వదిలేసేవారు. వంట చేసే రామసుబ్బమ్మ ఆ గడపకు నిమ్మకాయలు కట్టింది. మర్నాడు సారు వాటిని మజ్జిగలో పిండుకున్నాడు.

"దయ్యాలకు కట్టినవి గదా సార్!"

"వాళ్లకు పులుపు పడదంటమ్మా."

తనిఖీకి వచ్చిన అధికారి తలుపు మీద చెయ్యి వేయబోతే సారు ఆపాడు. "లోపల పరీక్ష జరుగుతాంది సార్. ఇప్పుడు తీస్తే కాపీ కొడతారు." ఆ అధికారి మా బడికి మళ్లీ రాలేదు.

బడి కమిటీ చైర్మన్ ఓబులేసు లారీ డ్రైవరు. ఒక మధ్యాహ్నం టెంకాయ పట్టుకుని, పదిమంది మగవాళ్లను వెంటేసుకుని వచ్చాడు.

"ఈరోజు తేలిపోవాల సార్. దయ్యముంటే నా కూతురు యామినిని బడి మాన్పిస్తా. వీళ్లూ మాన్పిస్తామంటాండారు."

సారు ముఖం దుమ్ముకన్నా తెల్లబడింది. కుర్చీ అడ్డం జరిపాడు. "పాఠం ఐపోలేదప్పా!"

ఓబులేసు కుర్చీ పక్కకు నెట్టి తలుపు తీశాడు. సారూ నేనూ వెనకే దూరాం. మిగతావాళ్లు వరండా దాటి రాలేదు.

లోపల మసక. చల్లని బండల మీద తెల్లని ఆకారాలు వరసగా పరుచుకుని ఉన్నాయి. ఒకటి లేచి కూర్చుంది. కనిపించని బరువేదో ఎత్తుతున్నట్టు చేతులు గాలిలోకి చాచింది.

"నాయనా, ట్యాంకరొచ్చినాది. మన బిందె ముందుకు జరుపు."

మళ్లీ ఒరిగిపోయింది. ముఖం మీది తెల్ల చున్నీ జారింది. కళ్లు మూసే ఉన్నాయి. యామిని.

ఓబులేసు టెంకాయను మెల్లగా బండల మీద పెట్టాడు.

సారు గుసగుసలాడాడు. "తెల్లారకముందే ట్యాంకరు కాడ నిలబడి వస్తారప్పా ఈ ఆడపిల్లోళ్లు. క్లాసులో తూగితే, తూగేదానికి బడి యాల అని ఇంట్లో మాన్పిస్తారు. అందుకే ఈ కాసింతసేపు పండుకోమన్నా. ఎవురూ రాకుండా పాఠం పేరుతో నేను కాపలా."

ఓబులేసు బయటికొచ్చి తలుపు చప్పుడు కాకుండా మూశాడు.

"ఉండాదా?" అన్నారు మగవాళ్లు.

"ఉండాది. శానా పెద్దది." చెమట తుడుచుకున్నాడు. "బడి జోలికి రాదంట. నీళ్ల బిందెలు మోసే ఆడపిల్లోళ్లనే పట్టుకుంటాదంట. మగోళ్లు మోస్తే ఏమీ అనదంట. నాతోనే చెప్పినాది."

"నీతోనా!"

"నాయనా అని పిలిచి మరీ చెప్పినాది."

మర్నాడు ట్యాంకరు దగ్గర అందరూ మీసాలవాళ్లే. ఒక్కడి చంకలోనూ బిందె నిలవలేదు. రామసుబ్బమ్మ తన ఇంటి గడపలో నిలబడి నవ్వింది. "ఏమప్పా ఓబులేసూ, అది స్టీరింగు కాదు, రెండు చేతుల్తో తిప్పేదానికి! నడుముకు ఆనించుకో!"

ఆ వారంలోనే చివరి గది నిజంగా ఖాళీ అయింది. ఆడపిల్లలంతా కళ్లు విప్పార్చుకుని సోషల్ క్లాసులో కూర్చున్నారు. దేవేంద్రప్ప సారు ఉత్సాహంగా భారతదేశపు నదులు చెప్పుకొచ్చాడు.

యామిని లేచి నిలబడింది. "సార్, ఇన్ని నదులుండాయి గదా, మనూరికి నీళ్లు ట్యాంకరులో యాల వస్తాండాయి?"

సారు సుద్దముక్క కింద పెట్టాడు. తలుపు ఏనాడూ ఆయన్ను ఎదురు ప్రశ్న అడగలేదు. ఎంతో ప్రేమగా అన్నాడు:

"కాసేపు పండుకోరాదా తల్లీ!"