పిడి తిప్పే చెయ్యి

తెరమీద బొమ్మలకు ఇంకా మాటలు రాని రోజుల్లో, అతను సినిమాహాల్లో ప్రొజెక్టరు పిడి తిప్పేవాడు. అన్నం తింటున్నా కుడి మణికట్టు దానంతటది తిరుగుతుండేది. పట్టాలకు కట్టేసిన పిల్లమీదికి రైలొస్తుంటే పిడిని నెమ్మదిగా తిప్పేవాడు. రైలూ నెమ్మదించేది, హాలంతా ఊపిరి బిగబట్టేది. ఆ నిశ్శబ్దం అతనికి జీతంకంటే తీపి. ఒకరోజు ఆశకొద్దీ మరీ నెమ్మదించాడు. దాదాపు ఆగిపోయిన ఫిల్ము దీపం వేడికి అంటుకుంది. ఆర్పబోతే చెయ్యి కాలింది. పరుగెత్తుకొచ్చిన యజమానితో, "అతుకు ఊడి ఇరుక్కుందండీ" అనేశాడు. తెగిన ఫిల్మును అతికేది అతని బావమరిది. ఆ పూటే బావమరిది ఉద్యోగం పోయింది.

ఇంటికొచ్చాక ఆ బావమరిదే మందు రాయడానికి కూర్చున్నాడు. "పాడు అతుకేసి నీ చెయ్యి కాల్చాను, ఒక్క తిట్టయినా తిట్టవేం బావా?"

"మూగ బొమ్మలు చూసిచూసి మీ బావకీ నోరు పడిపోయిందిరా" అంది భార్య వంటింట్లోంచి.

"ఆ అతుకు..." అని మొదలుపెట్టాడు అతను.

"వదిలెయ్ బావా. నాకు ఇంకో పని దొరక్కపోదు. నీ చెయ్యి జాగ్రత్త, ఇక ఇల్లు గడవాల్సింది దానిమీదే."

అతను చెయ్యి వెనక్కి లాక్కున్నాడు.

"మంటగా ఉందా?" అంటూ బావమరిది దాన్ని మళ్లీ ఒళ్లోకి తీసుకుని, మెల్లగా ఊదసాగాడు.