గీత ఉన్న దుప్పటి

సిద్దిపేట చేనేత సంఘంలో నాగేశానిది పెద్ద ఉద్యోగమేమీ కాదు. నేతవాళ్లు తెచ్చిన బట్టను చూసి, ఇది మొదటి రకం, ఇది రెండో రకం అని ముద్ర వేయడం ఆయన పని. అయినా ఆయన చేతి కింద పడకుండా ఒక్క దుప్పటి కూడా ఊరు దాటేది కాదు. కిటికీ పక్కన బల్ల మీద బట్ట పరిచి, కళ్లు మూసుకుని, అరచేతిని మెల్లగా ఈ అంచు నుంచి ఆ అంచుకు జరిపేవాడు. కళ్లు రంగు చూసి మురిసిపోతాయని, వేళ్లకు ఆ జబ్బు లేదని ఆయన నమ్మకం.

ముక్కుసూటి మనిషని ఆయనకు పేరు. ఎదుట ఉన్నది పరాయివాడైతే ముక్కుసూటితనం ఎవరికైనా తేలికే. నాగేశం మాత్రం సొంత మేనమామ పోశయ్యను కూడా వదిలిపెట్టలేదు. పదేళ్ల వయసులో తనను గుంటమగ్గం మీద కూర్చోబెట్టి, అడ్డపోగును అటూ ఇటూ నడిపే నాడె విసరడం నేర్పింది ఆ మామే. కానీ పోశయ్యకు ఒక అలవాటుంది. మూరెడు నేయగానే లేచి బీడీ ముట్టిస్తాడు. మళ్లీ వచ్చి కూర్చున్నాక పోగును బిగించే మొదటి దెబ్బ కాస్త మెత్తగా పడుతుంది. అక్కడ పేక, అంటే అడ్డనూలు, పల్చబడి, బట్టలో సన్నని గీత మిగులుతుంది. కంటికి కనిపించని ఆ గీతను నాగేశం వేళ్లు పట్టేసేవి. ఇరవై ఏళ్లలో పోశయ్య బట్ట ఒక్కసారి కూడా మొదటి రకం అనిపించుకోలేదు. రెండో రకం ఊళ్లోనే అమ్ముడయ్యేది.

ఎనభై ఎనిమిదిలో మద్రాసు వ్యాపారి ఒకాయన పరదేశానికి పంపడానికి మూడు వందల దుప్పట్లు అడిగాడు. అక్కడ చేతిమగ్గం బట్టకు సుంకం తక్కువ, ఎంతైనా పంపవచ్చు. మరమగ్గం బట్టకైతే సుంకమూ ఎక్కువే, లెక్కకు మించి రానివ్వరు కూడా. అందుకని ప్రతి కట్ట మీదా ఇది చేతిమగ్గం బట్టేనని సంఘం తరఫున నాగేశం సంతకం చేయాలి. తర్వాత పట్నం నుంచి అధికారి వచ్చి సీలు వేస్తాడు. ఒక్క మరమగ్గం దుప్పటి కలిసినట్టు రేవులో తేలినా మొత్తం సరుకును మరమగ్గం కిందే రాసేస్తారు. సరుకు తిరిగొస్తుంది, సంఘానికి ఇక ఎప్పటికీ సీలు దొరకదు. నలభై ఇళ్ల కష్టం ఆ కట్టల్లో ఉంది.

అధికారి వచ్చే ముందురోజు పొద్దున నాగేశం పోశయ్య కట్ట విప్పాడు. పన్నెండు దుప్పట్లు. చెయ్యి ఈ చివర నుంచి ఆ చివరకు పోయింది. గీత లేదు. రెండోది చూశాడు. అందులోనూ లేదు. మామ ఇన్నాళ్లకు బీడీ మానేశాడనుకుని ఆయనకు పట్టరాని సంతోషం కలిగింది. మొదటి రకం ముద్ర చేతిలోకి తీసుకున్నాడు కూడా. అంతలో ఎందుకో వేళ్లు అంచు మీదికి పోయాయి. నేసేటప్పుడు బట్ట ముడుచుకోకుండా అంచులకు సూదుల కర్ర గుచ్చుతారు. దాన్ని చేత్తో జరుపుతారు కాబట్టి ఆ సూది బెజ్జాలు ఒకచోట దగ్గరగా, ఒకచోట దూరంగా పడతాయి. ఈ దుప్పట్లలో అవి కొలిచి గుచ్చినట్టు ఒకే వరసలో ఉన్నాయి. నాగేశం ముద్ర కింద పెట్టేసి మామ ఇంటికి నడిచాడు.

మగ్గం గుంటలో దుమ్ము పేరుకుంది. పోశయ్య మంచం మీద ఉన్నాడు. కుడిచెయ్యి ఒంటి పక్కన చచ్చుబడి పడి ఉంది. నాగేశం ఏమీ అడగకముందే మామ భార్య దుర్గవ్వ కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది.

"బతుకమ్మ పండుగ నాటి సంది చెయ్యి లేస్తలేదు బిడ్డా. ఎవలకు చెప్పలే. దవాఖానల చూపిచ్చినం, లాభం లేదన్నరు. సంఘం నూలు తెచ్చుకొని బట్ట ఇయ్యకుంటే సంఘం మగ్గం గుంజుకపోతరని భయమైంది. నూలిచ్చి సిరిసిల్లల కరెంటు సాంచెల మీద నేసిన బట్ట తెప్పిచ్చిన. మీ మామ వద్దనే అన్నడు. నేనే ఇనలే."

"రేపు సార్ వస్తుండు అత్తా. నేను సంతకం వెట్టాలె."

"పెట్టు. గా సార్‌కేం ఎరుక? నీ చెయ్యికి తప్ప గిది ఎవలకు తెలుస్తది?"

ఆమె అన్నది నిజమే. అదే నాగేశం గుండెలో గుచ్చుకుంది. మంచం మీది నుంచి పోశయ్య గొంతు సవరించుకున్నాడు.

"ఇరవై ఏండ్లు గీత ఉన్నదని రెండో రకం అంటివి. ఇయ్యాల గీత లేదని నాది కానే కాదంటున్నవు."

ఆ మాట అని గోడవైపు తిరిగి పడుకున్నాడు. నాగేశం ఎంతసేపు నిలబడినా మళ్లీ ఇటు తిరగలేదు.

మర్నాడు నాగేశం పన్నెండు దుప్పట్లూ పక్కన పెట్టి, అవి మరమగ్గం బట్ట అని రిజిస్టరులో తన చేత్తోనే రాశాడు. మిగతా కట్టల మీద సంతకం చేశాడు. సరుకు వెళ్లింది, నలభై ఇళ్లూ నిలబడ్డాయి. సంఘం సమావేశంలో పోశయ్య పేరు కొట్టేశారు, మగ్గాన్ని ఇంకొకరికి ఇచ్చేశారు. నాగేశం బతిమాలి, బతిమాలి దుర్గవ్వకు నూలు కండెలు చుట్టే పని మాత్రం ఇప్పించగలిగాడు. ఆ సాయంత్రమే గోదాములో మిగిలిన పోశయ్య పాత దుప్పటి ఒకటి కొనుక్కుని ఇంటికి తీసుకెళ్లాడు. ఎన్ని చలికాలాలు వచ్చినా దాన్ని కప్పుకోలేదు. మామ ఇంటి గడప తొక్కడానికి మొహం చెల్లలేదు.

మూడేళ్ల తర్వాత పోశయ్య పోయాడు. చుట్టాలంతా బజారులో కొన్న కొత్త బట్టలు తెచ్చి కప్పుతున్నారు. నాగేశం వాటి మీద తన దుప్పటి పరిచాడు. మూలన 'రెండో రకం' ముద్ర కనిపించకుండా అంచును లోపలికి మడిచాడు.

దుర్గవ్వ భర్త గుండె మీద చెయ్యి వేసింది. కాసేపటికి ఆమె వేళ్లు ఒకచోట ఆగాయి. గీత వెంట అటు చివరకు పోయాయి, ఇటు చివరకు వచ్చాయి.

"గిది ఆయన నేసిందే," అంది. మడిచిన మూలను బయటకు తీసి, చేత్తో సాపు చేసింది. "దాస్తవెందుకు బిడ్డా? గా ముద్ర గూడ ఆయనదే."

నాగేశం ఆమె పాదాల దగ్గర కూలబడి, చిన్నపిల్లాడిలా ఏడ్చాడు.