ముహోంజా కోడి

మా ఆవిడ ముహోంజా ఏ హత్య కథలోనైనా ఒక కోడిని నడిపించందే ఊరుకునేది కాదు. నైరోబీలో ఒక టీవీ ఛానల్లో నేరాల కథలకి ఎడిటర్ ఆమె. తీసుకొచ్చిన వీడియోలన్నీ కోసి, అతికించి, గంట కథ చెయ్యాలి. అందులో ఎక్కడో ఒకచోట ఎర్ర కోడి, పోలీసుల కంటే తీరిగ్గా, తెరకి అడ్డంగా నడిచేది.

అదీ ఒకటే కోడి. ఎప్పుడో మా సొంతూరు చవకలిలో మా పెరట్లో తీసింది. మొంబాసాలో నగల వర్తకుణ్ణి పొడిచినా అదే, కిసుములో పడవవాణ్ణి ముంచినా అదే. మా బడి పిల్లలు నన్ను అడిగేవారు: "మాష్టారూ, ప్రతి హత్య దగ్గరా కనబడుతోంది కదా, ఆ కోడిని ఎందుకు అరెస్టు చెయ్యరు?"

ఛానల్ పెద్ద మురీతి. శవం పేరు చెబితే ఆకలి పుట్టే మనిషి. తల్లి కంట్లో నీళ్ళు తిరగగానే ఆపి సబ్బు ప్రకటన వేసేవాడు, అవి జారడం ప్రకటన అయ్యాక చూపించేవాడు. దీన్ని కళ అనేవాడు.

"హత్య జరిగిన ఇంట్లో కోడేమిటమ్మా?"

"హత్య జరిగిందని కోళ్ళు ఊరొదిలి పోతాయా అయ్యా?"

నేనూ ఊరుకునేవాణ్ణి కాదు. "ఇంత చదువూ చదివి కోళ్ళు కాస్తున్నావు."

"మీరు పిల్లల్ని కాయడం లేదూ? నా కోడి చెప్పినట్టు నడుస్తుంది."

ఒకరోజు ఆమెని ఇంటికి తీసుకెళ్దామని ఆఫీసుకి వెళ్తే మురీతి అరుపులు మెట్ల దాకా వినిపించాయి. మా ఊరి బజారులో అరటికాయలమ్మే మామా జైరస్, అంటే జైరస్ వాళ్ళమ్మ, కథ అది. కొడుకుని దొంగలు చంపేశారు.

"'చచ్చిపో వెధవా అని తిట్టి పంపాను, అలాగే పోయాడు' అని కన్నతల్లే గుండెలు బాదుకుంటోంది. అలాంటి ముక్క మళ్ళీ దొరుకుతుందా? ఏదది?"

"కోడి మింగింది."

అసలు వీడియోలోంచి కూడా ఆ ముక్క చెరిపేసింది ముహోంజా. ఎల్లుండే ప్రసారం.

"ఆ ఏడుపు వెనక్కి తెస్తావా, ఇంటికి పోతావా?"

ముహోంజా సంచీ భుజాన వేసుకుంది. "పదండి మాష్టారూ."

"కోడి కోసం ఉద్యోగం పోగొట్టుకున్నదానివి ఈ దేశంలో నువ్వొక్కతెవే" అన్నాను బస్సులో.

"గుడ్డు కోసం పోగొట్టుకుంటే సిగ్గుపడాలి."

మొన్నామధ్య చవకలిలో ముహోంజాని మట్టిచేసిన రోజు మామా జైరస్ చంకలో ఎర్ర కోడితో వచ్చింది. గౌరవించాల్సిన చుట్టానికి కోడి పెట్టకపోతే మా వైపు తలెత్తుకోలేం.

"మా ఇంటికి రమ్మంటే ఎప్పుడూ రాలేదు తమ్ముడూ. అందుకని నేనే తెచ్చాను. ఊరంతా టీవీలో నా నోటి మాట వింటుందని ఆ రోజు తలుపేసుకు కూర్చున్నా. తీరా అక్కడ కోడి నడిచింది. మర్నాడు బజారుకెళ్ళి అరటికాయలు పరుచుకున్నా."

ఇంతలో కోడి చంకలోంచి జారి, పాస్టరు గారి కాళ్ళ మధ్యనుంచి తుర్రుమంది.

వారం తర్వాత, ఆ రోజు మట్టి దగ్గర వీడియో తీసిన అబ్బాయి ఫోన్ చేశాడు.

"సార్, మీరు బాగా ఏడుస్తున్న చోట కోడి అడ్డంగా పరిగెత్తింది. కోసెయ్యమంటారా?"

"కోడిని ఉంచు బాబూ. నన్ను కొయ్యి."