తమ్ముడి బోను

ఆర్విల్ వేసే ముడి ఎడమవైపుకు తిరుగుతుంది. అతనిది ఎడమచేతి వాటం. నోవా స్కోషియాలోని ఆ చిన్న రేవులో లాబ్‌స్టర్ అనే పెద్ద సముద్రపు రొయ్యల్ని పట్టే బోనులకు వల అల్లేవాళ్లలో అలా ముడేసేది అతనొక్కడే. నలభై ఏళ్లలో ఆ ముడి జారిందని ఎవరూ అనలేదు.

తమ్ముడు డెల్మర్ పడవ కూడా అదే రేవులో, మూడు పడవల అవతల ఉంటుంది. ఇద్దరికీ ఏడేళ్లుగా మాటల్లేవు.

ఏప్రిల్ గాలివాన వెలిశాక ఆర్విల్ తన తాడు లాగితే, దానికి చిక్కుకుని ఇంకో బోను పైకొచ్చింది. దాని తాడుకు నీళ్లమీద తేలే గుర్తుగా కట్టిన బెండు పసుపు మీద నల్లచారలది. డెల్మర్‌ది. లోపలి వల చినిగి వేలాడుతోంది. పరాయివాడి బోను తలుపు తెరవకూడదన్నది అక్కడ పసిపిల్లలకూ తెలిసిన కట్టుబాటు. చిక్కు విడదీసి నీళ్లలో వదిలెయ్యాలి, అంతే. ఆర్విల్ దాన్ని పడవ అంచున పెట్టుకుని కాసేపు చూశాడు. తర్వాత వలసూది తీశాడు. చేతనైన పనితనమంతా పెట్టి వల అల్లి, కొత్త ఎర కట్టి, తమ్ముడు బోనులు వేసే చోటే దించి వచ్చాడు. ముడి చూస్తే వాడికే అర్థమవుతుందనుకున్నాడు.

ఇంటికొచ్చి భార్య లూయెలాకు చెప్పాడు.

"మాటల్లేని మనిషి బోను తెరిచావా? నీకు మతి ఉందా?"

"బాగుచేశాను."

"ఆ సంగతి బోను చెబుతుందా మరి?"

నాలుగోరోజు ఆర్విల్ బెండ్లు పదకొండు, తాళ్లు తెగి, రేవులోకి కొట్టుకొచ్చాయి. వాటి బోనులు సముద్రం అడుగునే ఉండిపోయాయి. అందరూ చూశారు. అతను తిన్నగా డెల్మర్ పడవ దగ్గరికి నడిచాడు.

డెల్మర్ ఎర చేపలు నరుకుతున్నాడు. తలెత్తలేదు.

"నీ బోనులోంచి ఒక్కటి కూడా తియ్యలేదురా. వల చినిగితే అల్లాను."

"తెలుసు. అంత బిగువుగా దొంగెవడు అల్లుతాడు?"

"తెలిసే కోశావా?"

"నన్ను అడిగావా?"

"నువ్వు మాట్లాడితేగా అడగడానికి."

"అమ్మని నువ్వు వృద్ధాశ్రమంలో చేర్చిననాడు మనం మాట్లాడుకుంటూనే ఉన్నాం. అప్పుడూ అడగలేదు. నీ చేతికి పని కనిపిస్తే చాలు, అన్నా, చేసేస్తావు. అవతల ఒక మనిషున్నాడని నీకు తట్టదు."

ఆర్విల్ చెప్పబోయాడు. ఆరోజు అమ్మ పొయ్యిమీద చెయ్యి కాల్చుకుంది, ఆగే వ్యవధి లేకపోయింది. కానీ ఫోను చెయ్యడానికి ఎంతసేపు పడుతుంది? వెనుదిరిగి తన పడవవైపు నడిచాడు.

మర్నాడు మిగిలిన బోనులన్నీ ఎత్తి, ఏమీ సరిగా పడని ఉత్తరపు రాళ్లవైపు వేసుకున్నాడు. అటు డెల్మర్ పడవ రాదు.

"ఇంతకీ ఏమన్నాడు?" అంది లూయెలా, వారం ఆగి.

"తప్పేమీ అనలేదు. ఉన్నమాటే అన్నాడు," అని ఆర్విల్ తినకుండానే గిన్నె పక్కకు జరిపాడు.